రెండేళ్లుగా చూస్తున్నా పేరు తెలియని పెద్దాయన

ప్రశ్న:
కడప ఏడురోడ్ల కూడలి దగ్గర ఒక బండి వద్ద నేను రెండేళ్లుగా ఉదయం కారం దోసె తింటున్నాను. అదే వేళకు వచ్చి నా పక్కనే నిలబడి తినే పెద్దాయనతో ఒక్క మాటైనా మాట్లాడలేదు. మొన్న వేలికంటిన ఎర్రకారం నా కంట్లో పడితే, ఆయన తన నీళ్ల సీసా మూత తీసి నా చేతిలో పెట్టి, ఏమీ అనకుండా వెళ్లిపోయారు. అప్పటి నుంచి కనిపించడం లేదు. పేరైనా తెలియని మనిషి కోసం ఇంతగా ఎదురుచూడటం మామూలేనా?

జవాబు 1:
మామూలే. తరచూ చూస్తూ, గుర్తుపడుతూ, మాట్లాడకుండా ఉండిపోయే ఇలాంటివారిని అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్త స్టాన్లీ మిల్‌గ్రామ్ 1972లో ‘పరిచిత అపరిచితులు’ అన్నారు. వీరే తమ ఊరికి దూరంగా ఎదురైతే చటుక్కున పలకరించుకుంటారని కూడా ఆయన గమనించారు. మీ పెద్దాయన తిరుమల క్యూలో కనిపించి ఉంటే, ఈపాటికి ఆయన మనవళ్ల పేర్లు కూడా మీకు తెలిసి ఉండేవి.

జవాబు 2:
షికాగో రైలు, బస్సు ప్రయాణికులపై జరిపి 2014లో ప్రచురించిన ప్రయోగాల్లో మనస్తత్వ పరిశోధకులు నికొలస్ ఎప్లీ, జూలియానా ష్రోడర్ తేల్చింది ఏమిటంటే, పక్కవారితో మాట్లాడితే ప్రయాణం చెడుతుందని జనం ఊహించగా, నిజంగా మాట్లాడినవారికే అది మౌనంగా కూర్చున్నవారి కంటే హాయిగా గడిచింది. అయితే, ఆడవారికి ఆ మౌనమే ఒక్కోసారి రక్షణ అని మరువకూడదు. మీరు బండి ఆయన్ను అడిగారా?

ప్రశ్న వేసినవారు:
ఈ రోజు అడిగాను. పెద్దాయన బెంగళూరులో కూతురి దగ్గర ఉన్నారట. వేంకటేశ్వరుని దేవేరిగా చెప్పే బీబీ నాంచారమ్మను తమ ఇంటి ఆడపడుచుగా భావించే ఇక్కడి ముస్లింలు దేవుని కడప వేంకటేశ్వర స్వామిని దర్శించుకునే ఉగాది నాటికి ఆయన తప్పక వస్తారట. సీసా కడిగి పెట్టాను.