జ్ఞాపకాలు తినే జంతువులకి రూల్స్ ఎలా పెట్టాలి? (ఫాంటసీ నవల, సలహా కావాలి)

గోదారిగట్టు:
అందరికీ నమస్తే. ఒక ఫాంటసీ నవల రాస్తున్నా, అందులో జాముమారులు అని ఒక రకం జంతువులుంటాయి. రోజుకి ఎనిమిది జాములు కదా, ఒక్కో జాతి ఒక్కో జాములోనే వేటకొస్తుంది, ఒంటి మీద గీత కూడా పడదు, ఒక జ్ఞాపకం తినేసి పోతుంది అంతే. తెల్లారుజామున వచ్చేవి చిన్నతనాన్ని తింటాయి, నడిరేయి వచ్చేవి పోయినవాళ్ల జ్ఞాపకాలు తింటాయి. ఇంతవరకు బానే వచ్చింది, కానీ రెండు చోట్ల ఆగిపోయా. ఒకటి, జ్ఞాపకాన్ని తింటే జరిగిన సంగతి కూడా లేకుండా పోవాలా, లేక మనిషి తల్లోంచి మాత్రమే పోవాలా? రెండోది, వాటికి అడ్డేంటి? అడ్డు లేకపోతే కొన్నాళ్లకే ఊరు ఊరంతా ఎవరికి ఎవరో తెలీకుండా అయిపోతుంది, ఇంక కథేముంటుంది. మంత్రం వేసి ఆపడం నాకిష్టం లేదు, వాటి ఆకల్లోనే ఏదో నియమం ఉండాలి. మీరైతే ఎలా రాస్తారు?

పాతపంచాంగం:
మొదటిదానికి నా ఓటు తల్లోంచి మాత్రమే పోవాలని. సంగతే లేకుండా పోతే బాధపడేవాళ్లే ఉండరు కదండీ. శకుంతల కథ చూడండి, దుర్వాసుడి శాపంతో దుష్యంతుడు మర్చిపోయాడు గానీ పెళ్లి జరగకుండా పోలేదు, ఆమె కడుపుతో వచ్చి సభలో నిలబడింది, ఉంగరం చేప పొట్టలో ఉంది. ఒకళ్లకి గుర్తుండి ఇంకొకళ్లకి లేకపోవడమే ఆ కథని నిలబెట్టింది. ఇంకోటి, నటరాజు కుడికాలి కింద మరుపుకి గుర్తుగా అపస్మారుడనే మరుగుజ్జు రాక్షసుడు ఉంటాడే, వాణ్ణి శివుడు తొక్కిపట్టి ఉంచినట్టే చూపిస్తారు శిల్పుల్లో ఎవరైనా. మీ జంతువుల్ని కూడా చంపి వదిలించుకునేవాటిలా కాకుండా రోజూ అదుపులో పెట్టుకుంటూ బతకాల్సినవాటిలా రాస్తే బావుంటుందని నాకనిపిస్తోంది.

ల్యాబ్‌కోటు:
రెండో ప్రశ్నకి నిజం మెదడులోనే మంచి జవాబుంది, నేను చదివిన సబ్జెక్టే కాబట్టి కాస్త పొడుగ్గా రాస్తా. 2000లో న్యూయార్క్‌లో కరీమ్ నాదెర్, జోసెఫ్ లెడూ వాళ్లు ఎలకల మీద ఒక ప్రయోగం చేశారు. ఒక శబ్దం వినిపించి షాక్ ఇస్తే ఎలక ఆ శబ్దానికి భయపడడం నేర్చుకుంటుంది, మళ్లీ వినపడగానే కదలకుండా బిగుసుకుపోతుంది. తర్వాత ఆ శబ్దం ఇంకోసారి వినిపించి, వెంటనే మెదడులో భయాన్ని నేర్చుకునే భాగమైన అమిగ్డాలాలోకి కొత్త ప్రోటీన్లు తయారవకుండా ఆపే మందు ఎక్కిస్తే భయం పోయింది. అదే మందు శబ్దం వినిపించకుండా ఎక్కిస్తే భయం అలాగే ఉంది! అంటే ఎప్పుడో గట్టిపడిన జ్ఞాపకం కూడా గుర్తొచ్చినప్పుడు కొన్ని గంటలపాటు మెత్తబడుతుంది, దాన్ని చెరపాలంటే అదే అదను.

మీ జాముమారికి ఇదే పెట్టండి. తలుచుకోని జ్ఞాపకం వాసన దానికి తగలదు, తలుచుకున్న జాములోనే దొరుకుతుంది. ఇప్పుడు ఆ ఊరి బతుకు చూడండి, పొద్దున్నే చిన్నప్పటి ముచ్చట్లు ఎత్తకూడదు, నడిరేయి శవజాగారం చేస్తూ పోయినాయన పేరు కూడా అనకూడదు, ఎవరైనా నోరుజారితే పక్కనున్నవాళ్లు గబుక్కున మాట మార్చాలి. పోనీ అసలు తలుచుకోకుండా దాచుకుందామంటే అదీ కుదరదు, వాడని జ్ఞాపకం దానంతటదే చెదిరిపోతుంది. 1885లోనే ఎబ్బింగ్‌హాస్ అర్థంలేని అక్షరాల ముక్కలు తనే బట్టీపట్టి, ఎంత తొందరగా మర్చిపోతున్నాడో కొలిచి పుస్తకం వేశాడు. కాబట్టి ఊరివాళ్లకి రెండువైపులా ఇరుకే, మంత్రం అవసరం రాదు.

చిత్తడినేల:
ల్యాబ్‌కోటు గారు చెప్పింది చాలా బావుంది, కానీ అవి ఎన్ని ఉంటాయో కూడా తేల్చాలి బ్రో, ఫాంటసీ రాసేవాళ్లు చాలామంది వదిలేసేది ఇదే. కెనడాలో తోళ్ల వ్యాపారం చేసిన హడ్సన్స్ బే కంపెనీ పాత లెక్కల్లో కుందేళ్లు, వాటిని తినే లింక్స్ పిల్లులు సుమారు పదేళ్లకోసారి పెరుగుతూ తగ్గుతూ కనిపిస్తాయి, కుందేళ్లు తగ్గాక కొంచెం వెనకగా పిల్లులూ తగ్గుతాయి. నీ దాంట్లో తేడా ఏంటంటే తిన్నాక మనిషి చావడు, రేపు ఇంకో జ్ఞాపకం పుడుతుంది, కాబట్టి ఇది పులి లెక్క కాదు, దోమ లెక్క. కొంచెం కొంచెం తింటుంది, జనం గుమిగూడి పాత కబుర్లు చెప్పుకునే జాతర్ల చుట్టూ తిరుగుతుంది. ఊళ్లన్నీ నోరు కట్టుకున్న ఏడు అవి ఆకలికి చస్తాయి, జనానికి ధీమా వచ్చి మాటలు మొదలెట్టాక మళ్లీ పెరుగుతాయి. నీ నవల ఆ ధీమా వచ్చిన ఏడులో మొదలుపెట్టు.

వాకిలి:
నాది సైన్స్ కాదండీ, ఒక్క రిక్వెస్ట్. కాటుపడ్డవాళ్లని ఖాళీ బొమ్మల్లా రాయకండి. మా అమ్మమ్మకి అల్జీమర్స్, అన్నం తిందో లేదో గుర్తుండేది కాదు, నన్ను మా అమ్మ పేరుతో పిలిచేది, కానీ పిండి గిన్నె చేతికిస్తే వాకిట్లో చుక్కలు పెట్టి మెలికల ముగ్గు ఎక్కడా తెగకుండా తిప్పేసేది, చూపుడువేలు బొటనవేలు మధ్య నించి పిండి సన్నగా ఒకే తీరున జారేది. ముగ్గు అయ్యాక ఎవరేశారే ఇంత బాగా అని నన్నే అడిగేది. మనిషి ఎక్కడికీ పోలేదు, అక్కడే ఉంది.

ల్యాబ్‌కోటు:
వాకిలి గారూ, మీరు చూసిందే అమెరికన్ రోగి హెన్రీ మొలైసన్‌ విషయంలోనూ తేలింది. 1953లో మూర్ఛ తగ్గడానికి మెదడుకి ఆపరేషన్ చేస్తే ఆయనకి కొత్త సంగతులేవీ నిలవకుండా పోయాయి. బ్రెండా మిల్నర్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఆయన చేత అద్దంలో చూస్తూ నక్షత్రం బొమ్మ గీయిస్తే రోజురోజుకీ తప్పులు తగ్గుతూ వచ్చాయి, ముందురోజు గీసిన సంగతి మాత్రం ఆయనకి తెలీదు. చేతిపని మెదడులో వేరే దారిలో ఉంటుంది. గోదారిగట్టు గారూ, మీ జంతువు దాన్ని తినలేదు అని రాయండి.

గోదారిగట్టు:
అందరికీ చాలా థాంక్స్, వాకిలి గారికి మరీ మరీ. తలుచుకుంటేనే దొరకడం, చేతిపని మిగిలిపోవడం రెండూ పెట్టేస్తున్నా. దాంతో ఇంకో ఆలోచన వచ్చింది, దక్షిణ అమెరికాలో పాత ఇన్కా రాజ్యంలో తాళ్లకి ముడులేసి లెక్కలు దాచినట్టు ఈ ఊళ్లో ఆడవాళ్లు ముఖ్యమైన సంగతుల్ని ముగ్గుల్లో దాస్తారు. వేసే ఆవిడకి దాని అర్థం ఎప్పుడో పోయి ఉండొచ్చు, చెయ్యి మాత్రం వేస్తూనే ఉంటుంది. కానీ అర్థం తెలిసినవాళ్లు చదివితే అది తలుచుకోవడమే అవుతుంది కదా, అప్పుడు వాళ్లనీ తింటాయిగా?

చిత్తడినేల:
చదివేవాళ్లని పక్కూరినించి తీసుకురా బ్రో. వాళ్లకి అది తమ మీద జరిగిన సంగతి కాదు, విన్న సంగతి. ఈ జాతి తినేది సొంతంగా బతికిన జ్ఞాపకాన్నే అని మొదటి చాప్టర్లోనే ఎక్కడైనా ఒక ముక్క వేసి ఉంచు, సరిపోతుంది.