ఉసేనయ్య అంటే ఏమని రాయాలె?

మూసీ ఒడ్డు:

మా అక్క కొడుక్కి తొమ్మిదేండ్లు, అమెరికాలో చదువుతున్నడు. బడిలో వంశవృక్షం గీసుకు రమ్మన్నరట. ప్రతి పేరు కింద ఒక చిన్న గడి. అందులో ఆ పేరుకు అర్థం రాయాలె. నర్సయ్య, లచ్చమ్మ, యాదగిరి దాకా సాఫీగానే నడిచింది. మా తాత కాడికి రాంగనే ఆగిపోయింది. తాత పేరు ఉసేనయ్య. మేం ముస్లింలం కాదు. మాది సూర్యాపేట దిక్కు పల్లె.

పిల్లల పేర్ల సైట్లల్ల చూస్తే 'హుస్సేన్ అంటే అందగాడు' అని ఉంది. నానమ్మను అడిగితే "అందం లేదు, చందం లేదు. ముహర్రం పీర్లకు మొక్కితే పుట్టిండు, గందుకే ఉసేనయ్య" అన్నది. మా బావ లెక్క వేరే. అది అరబ్బుల పేరు, మన నోట్ల దానికి అర్థమేం ఉంటది, గడి ఖాళీగ వదిలెయ్యి అంటడు. పోరడు రోజూ ఫోన్ చేసి అడుగుతున్నడు. తెలిసినోళ్లు చెప్పుండ్రి.

పాతబస్తీ పంతులు:

నేను అరబ్బీ పాఠాలు చెప్పుకునేవాణ్ణి, కాబట్టి ముందు వ్యాకరణం. సైట్లు చెప్పింది సగమే. మంచివాడు, అందగాడు అన్న అర్థం 'హసన్'ది. 'హుసైన్' దాన్నుంచి చేసిన ముద్దుమాట. అరబ్బీలో ఒక మాటను చిన్నది చేయాలంటే మొదటి హల్లుకు ఉకారం, రెండో హల్లుకు ఐకారం ఇస్తారు. కల్బ్ అంటే కుక్క, కులైబ్ అంటే కుక్కపిల్ల. జుంద్ అంటే సైన్యం, జునైద్ అంటే చిరుసేన. అబ్ద్ నుంచి ఉబైద్. ఈ పద్ధతిని తస్‌గీర్ అంటారు. మనం 'బుల్లి', 'చిట్టి' అంటే పొట్టివాడనే కాదుగా, ప్రేమగా కూడా అంటాం. అక్కడా అంతే. అన్నట్టు, సుహైల్ కూడా ఇదే అచ్చులో పోసిన పేరు. మనం అగస్త్య నక్షత్రం అనేదాన్నే అరబ్బులు సుహైల్ అంటారు.

ప్రవక్త ముహమ్మద్ ఇంటి సంగతి చూస్తే ఇది ఇంకా బాగా తెలుస్తుంది. ఆయన అల్లుడు అలీ, కూతురు ఫాతిమాలకు మదీనాలో 625లో పెద్దకొడుకు, 626లో రెండోవాడు పుట్టారు. పెద్దవాడు హసన్, చిన్నవాడు హుసైన్. అంటే అన్న పేరునే ముద్దుచేసి తమ్ముడికి పెట్టారు. హదీసుల్లో, అంటే ప్రవక్త మాటలూ చేతల గురించిన కథనాల్లో, ఒకటి ఉంది: అలీ ఆ పిల్లలకు 'హర్బ్' అని పెట్టబోయారట. హర్బ్ అంటే యుద్ధం. తాతగారైన ప్రవక్త వద్దని ఈ పేర్లు పెట్టారట. వీరుల పేర్లంటే మోజున్న జాతిలో తాత మనవళ్లకు మెత్తని పేర్లు ఎంచుకోవడం నాకు భలే నచ్చుతుంది.

ఇంకోటి. అరబ్బీ హుసైన్‌లో సకారం ఒక్కటే. హసన్‌కు సకారం ఒత్తి హస్సాన్ అంటే అది వేరే పేరు. ప్రవక్త కాలపు కవి హస్సాన్ ఇబ్న్ సాబిత్ అలాంటివాడు. మీ తాతగారి పేరులో మీరు ఒక్క 'స' తోనే 'ఉసేనయ్య' అని రాశారు చూడండి, ఆ విషయంలో మీ ఊరివాళ్లే 'హుస్సేన్' అని రాసే పట్నంవాళ్లకంటే నయం.

గడిలో 'చిన్నారి అందగాడు' అని రాయండి.

సబా:

పంతులు గారూ, పాఠం బాగుంది. కానీ మా ఇళ్లలో హుసేన్ అని పేరు పెట్టేటప్పుడు ఎవరూ బుల్లి అందగాడని అనుకోరండీ. ఆ మాట చెవిన పడితే గుర్తొచ్చేది ఇరాక్‌లోని కర్బలా. హిజ్రీ 61 ముహర్రం పదో రోజు, ఇంగ్లిషు లెక్కలో 680 అక్టోబరు 10. అప్పటి ఖలీఫా యజీదుకు విధేయత చెప్పనన్నాడు హుసేన్, నీళ్లు కూడా అందనివ్వలేదు, వెంట ఉన్న కొద్దిమందితో సహా చంపేశారు. ఆ రోజు తర్వాత ఆ పేరుకు నిఘంటువు చెప్పే అర్థం మిగల్లేదు. తలవంచనివాడు, అంతే. రాముడు అంటే 'ఆనందింపజేసేవాడు' అని పండితులు చెబుతారు. కానీ కొడుక్కి రాముడని పెట్టే తండ్రి ఆ అర్థం చూసి పెడతాడా, ఆ మనిషిని చూసి పెడతాడా?

ఇది షియాల పేరని కొందరు అనుకుంటారు. కాదు. కైరోలో హుసైన్ పేరుమీద మొదట 1154లో కట్టిన మసీదు ఉంది, అక్కడ చేరేది దాదాపు అంతా సున్నీలే. జోర్డాన్‌ను 1952 నుంచి 1999 దాకా ఏలిన రాజు హుసైన్ సున్నీయే. తమాషా ఏమిటంటే ఆ రాజవంశం తమ మూలాన్ని హసన్‌తో కలుపుకుంటుంది, హుసైన్‌తో కాదు. ఇరాన్‌లో హొసేన్, టర్కీలో హ్యూసెయిన్, బెంగాల్లో హొసేన్. మనకు రాష్ట్రపతిగా చేసిన జాకిర్ హుసేన్ పుట్టింది హైదరాబాదులోనే, 1897లో.

ఇక పీర్ల మొక్కు సంగతి. మా అబ్బా అయితే ఒప్పుకోరు. మొక్కు అల్లాకే, మనిషికి కాదు అంటారు. 'అబ్దుల్ హుసేన్' అన్న పేరే వద్దనే పండితులున్నారు మా వాళ్లలో. అబ్ద్ అంటే దాసుడు, దాస్యం దేవుడికొక్కడికే అని వాళ్ల వాదన. షియాలు ఆ పేరు పెట్టుకుంటారు. మాలో మేమే తెగ్గొట్టుకోని గొడవ ఇది, కాబట్టి మీ నానమ్మ గారిని నేను తప్పుపట్టను.

నిజం నిప్పు:

అందరూ అసలు సంగతి వదిలేసి అరబ్బీ పాఠాలు చెప్పుకుంటున్నారు. హిందువు ఇంట్లో ఉసేనయ్య ఎందుకు పుట్టాడు? నవాబుల రాజ్యం కాబట్టి. భయంతోనో, మెప్పు కోసమో పెట్టుకున్న పేర్లివి. దానికి అర్థం వెతకడం ఏమిటి? మూసీ గారి బావ చెప్పిందే రైటు.

గుత్తికోట:

నిజం గారూ, మాది అనంతపురం జిల్లా. నిజాము మా సీమను 1800లోనే ఇంగ్లీషోళ్లకి ఇచ్చేసినాడు. నవాబు పోయి నూరేండ్లు దాటినాక పుట్టిన మా జేజినాయన పేరు పీరప్ప. ఎవరికి భయపడి పెట్టినట్లు? కలెక్టరు దొరకా?

మా పక్క గూగూడు కుళ్లాయస్వామి ఉండాడు. నార్పల దగ్గర. ముహర్రం వచ్చిందంటే జనం ఇసుకేస్తే రాలరు, అగ్నిగుండం తొక్కుతారు. కుళ్లాయి అంటే టోపీ, పారశీకంలో కులాహ్. టోపీ పెట్టుకున్న సామి. ఆయనకు మొక్కి పుట్టినోళ్లంతా కుళ్లాయప్పలే, కుళ్లాయమ్మలే. కులం అడిగితే అన్ని కులాలోళ్లూ ఉంటారు. ఇంకా మస్తానమ్మ, నాగూరయ్య, పకీరప్ప, లాలెప్ప, ఉసేనప్ప. ఓటర్ల లిస్టు తీసి చూడండి.

మీరు మర్చిపోతాండేది ఒకటుంది. ఆ కాలంలో పిల్లోళ్లు బతికేది కష్టం. ఇద్దరు ముగ్గురు పోయినాక పుట్టినోడిని పెంటలో పొర్లించి తీసుకుని పెంటయ్య అనేవాళ్లు. ఎంగిలి విస్తరాకులో వేసి ఎత్తుకుని పుల్లయ్య అనేవాళ్లు. చెత్తదని చావు కూడా వద్దనుకుంటుందని ఆశ. ఉసేనప్ప కూడా ఆ వరసలోదే. ఈ బిడ్డ మాది కాదు, పీరుది, ఆయనే చూసుకుంటాడు అని. నాది పల్లెటూరి లెక్క: పేరుకి అర్థం అంటే ఆ పేరు ఎందుకు పెట్టినారో అది.

నిజం నిప్పు:

సీమ సంగతి వేరు కావచ్చు. తెలంగాణలో 1948 దాకా నిజామే కదా. వీళ్ల ఊరు సూర్యాపేట.

పాతబస్తీ పంతులు:

భయంతో పెట్టేవాడు దొరగారి పేరో, పాదుషా పేరో పెట్టుకోవాలి. పన్ను వసూలు చేసేవాడి పేరు వదిలేసి, వెయ్యేళ్లకు పైగా కిందట ఇరాక్ ఎడారిలో దప్పికతో ఉండగా హతుడైనవాడి పేరు పెట్టుకుంటే ఏ తాసీల్దారు మెచ్చుకుంటాడు?

పాలకుల ప్రమేయం లేదని అనను. ఈ నేలమీద ముహర్రాన్ని రాజపండుగ చేసింది కుతుబ్‌షాహీలు, వాళ్లు షియాలు. హైదరాబాదులో ముహర్రం సంతాపం జరిపే బాద్‌షాహీ ఆషూర్‌ఖానా 1594 నాటిది, మహమ్మద్ కులీ కట్టించింది. 1687లో ఔరంగజేబు గోలకొండను పట్టుకున్నాక ఆ రాజులు పోయారు. తర్వాత వచ్చిన నిజాములు సున్నీలు. రాజులు మారినా ఊళ్లలో పీర్ల కొట్టాలు ఉన్నాయి, సవార్లు, అంటే పీర్ల ఊరేగింపులు, లేస్తూనే ఉన్నాయి. సూర్యాపేట వైపే జాన్‌పహాడ్ దర్గా ఉంది. ఆ చుట్టుపక్కల సైదులు, సైదమ్మ అన్న పేర్లు ఎన్ని ఉంటాయో మూసీ గారే చెప్పాలి.

మూసీ ఒడ్డు:

మా క్లాసుల ముగ్గురు సైదులు ఉండె సార్. హాజరు పిలిస్తే ముగ్గురూ లేచి నిలబడేది.

కృష్ణలంక:

నేను ఇంకో వైపు నుంచి వస్తాను. ఇది అరబ్బీ పేరా అనేదే తప్పు ప్రశ్న అండీ. హుసైన్ అరబ్బీ. ఉసేనయ్య తెలుగు. ముందున్న హకారం ఎగిరిపోయింది, హైదరాబాదు ఐద్రాబాదు అయినట్టు. ఐ కాస్తా ఏ అయింది. చివర హల్లు ఆగదు మన నోట్లో, అందుకని ఉసేను. దాని మీద గౌరవానికి అయ్య. మదీనాలో ఎవరినైనా నిలబెట్టి 'ఉసేనయ్యా' అని పిలవండి, వెనక్కి తిరిగి చూడడు.

ఇలా అరగదీసింది మనమొక్కళ్లమే కాదు. ముహర్రం ఊరేగింపులో గుండెలు బాదుకుంటూ 'యా హసన్, యా హుసేన్' అనే కేకను మన దేశంలో ఉన్న తెల్ల సిపాయిలు 'హాబ్సన్ జాబ్సన్' అని విన్నారు. పాపం వాళ్ల చెవికి అవి ఇద్దరు ఇంగ్లిషు దొరల ఇంటిపేర్లలా తోచాయి. యూల్, బర్నెల్ అనే ఇద్దరు మన దేశపు ఇంగ్లిషు మాటలన్నీ ఏరి 1886లో వేసిన నిఘంటువుకు ఆ పేరే పెట్టారు. పరాయి మాటను తమ నోటికి తగ్గట్టు మార్చుకోవడానికి భాషావేత్తలు ఇప్పటికీ ఆ పేరే వాడతారు. అంటే అన్నదమ్ములిద్దరూ ఒక భాషా సూత్రానికి పేరైపోయారు, ఎవరూ గుర్తుపట్టలేనంతగా.

కాబట్టి తెలుగు పేరుకు తెలుగు అర్థమే రాయాలి. నానమ్మ గారి మాటకే నా ఓటు.

సబా:

కృష్ణలంక గారూ, తెలుగు అయిపోయిందని మనిషినే తీసేస్తే ఎలా? నానమ్మ గారు మొక్కింది ఎవరికి? ఉత్త పీరుకు కాదు, ఉసేను పీరుకు. పీరు అంటే పారశీకంలో పెద్దాయన, అంతే. ఊళ్లో ఒకే కొట్టంలో హసన్ పీరు, ఖాసిం పీరు, బీబీ ఫాతిమా పీరు వేరువేరుగా నిలబెడతారు కదా. వాటిలో ఒకదాన్ని ఎంచుకుని మొక్కిందంటే ఆమెకు ఆ మనిషి కథ ఎంతో కొంత తెలుసు. ఆమెనే అడిగి చూడండి.

గుత్తికోట:

అక్క చెప్పింది నిజమే. మా పక్క పీర్ల పాటల్లో కథంతా ఉంటుంది. నీళ్లు దొరక్క పసిబిడ్డ ఏడ్చేది కూడా. చదువు రాని ముసలోళ్లు పాడతారు, వింటావుంటే మనకే గొంతు ఎండుకుపోతాది.

మూసీ ఒడ్డు:

సబా అక్క చెప్పినట్టే నానమ్మను మల్ల అడిగిన. ఫోన్ల కాదు, ఊరికి పోయి కూసోని అడిగిన. ఇన్నేండ్లు మాకెవ్వరికీ చెప్పని సంగతి చెప్పింది.

మొక్కింది నానమ్మ కాదు, మా తాతను కన్న తల్లి. "నాకు మా అత్త చెప్పిన ముచ్చట" అన్నది. తాతకు ముందు ఒకడు పుట్టిండట. వాని పేరు కూడా ఉసేనే. వాణ్ని కూడా పీర్లకు మొక్కే కన్నరు. ఏడాది నిండకముందే పోయిండు. మల్ల మొక్కిన్రు. ఈసారి సవారి వస్తుంటే తొవ్వల అడ్డం పండుకొని మొక్కిందట మా ముత్తవ్వ. తాత పుట్టంగనే అదే పేరు పెట్టిన్రు. పెద్ద ఉసేను పోయిండు గదా, వీడు చిన్నుసేను. పెండ్లి అయ్యేదాకా ఊరంతా చిన్నుసేను అనే పిలిచేదట, ఆధార్ కార్డుల ఉసేనయ్య అయిండు.

ఎందుకు ఉసేను పీరుకే మొక్కిన్రు అని అడిగిన. "ఆయన బిడ్డ కూడా నీళ్లు లేక చచ్చిపాయె గద బిడ్డా, ఆయనకు గాకపోతె ఎవ్వలికి ఎరుకైతది" అన్నది.

పాతబస్తీ పంతులు:

హసన్ తమ్ముడు హుసైన్, అంటే చిన్న హసన్ అని నేను పైన రాశాను. దానిమీద మీ ఊరు ఇంకో 'చిన్న' తగిలించింది. ముద్దుమాటకు ముద్దుమాట. ముప్పై ఏళ్లుగా తస్‌గీర్ చెబుతున్నాను, ఇలాంటి ఉదాహరణ నాకు పుస్తకాల్లో దొరకలేదు.

నిజం నిప్పు:

నవాబు మాట ఈ ఇంటి వరకు వెనక్కి తీసుకుంటున్నాను. మిగతా ఇళ్ల సంగతి తర్వాత మాట్లాడుకుందాం.

కృష్ణలంక:

ఇంతకీ గడిలో ఏం రాశారండీ?

మూసీ ఒడ్డు:

గడి రెండు వేళ్ల వెడల్పు ఉంది. పోరడు ఇంగ్లిషుల 'చిన్నోడు' అని రాసిండు. పక్కన పెద్ద ఉసేనుకు కొత్తగ ఒక కొమ్మ గీసిండు. ఆ గడి కూడ నింపాలె అంటున్నడు ఇప్పుడు.