స్టూడియో పాత హార్డ్ డిస్కులు: చెరిపి బడికి ఇవ్వాలా, పగలగొట్టాలా?

తెనాలి స్టూడియో:
ఇరవై రెండేళ్లుగా పెళ్లిళ్లు, ఓణీల వేడుకలు, బారసాలలు తీస్తున్నాను. ఈ వేసవితో స్టూడియో మూసేస్తున్నాను. మూడు కంప్యూటర్లు మిగిలాయి. వాటిలోవి, విడిగా ఉన్నవి కలిపి తొమ్మిది హార్డ్ డిస్కులు, ఒక ఎస్‌ఎస్‌డీ, డబ్బా నిండా మెమరీ కార్డులు. (ఎస్‌ఎస్‌డీ అంటే తిరిగే పళ్లెం లేకుండా చిప్పుల్లో దాచుకునే డిస్కు.) ఆల్బమ్ ఇచ్చేశాక కూడా ఎవరైనా వచ్చి మళ్లీ ప్రింటు అడుగుతారేమోనని ఏదీ తీసేయలేదు. కంప్యూటర్లను మా ఊరి హైస్కూలుకు ఇస్తానని మాట ఇచ్చాను. ఫార్మాట్ చేసి ఇస్తే చాలని నేను అనుకుంటుంటే, మా మేనల్లుడు డిస్కులన్నింటికీ డ్రిల్లుతో బెజ్జాలు వేయమంటున్నాడు. పనిచేసే వస్తువును పాడు చేయడానికి చేతులు రావడం లేదు. అయితే అందులో ఉన్నవి నా ఫొటోలు కావు, ఊళ్లో వాళ్లవి. అందుకే అడుగుతున్నాను.

బీసెంట్ రోడ్డు రిపేరు:
మేనల్లుడి మాట వినండి. విజయవాడలో పదిహేనేళ్లుగా ఫోన్లు, డిస్కులు బాగుచేస్తున్నాను. పెళ్లి ఫొటోల కార్డు పొరపాటున ఫార్మాట్ అయిందని మీలాంటి ఫొటోగ్రాఫర్లే మా దగ్గరికి పరుగున వస్తారు. దాని మీద కొత్తగా ఏమీ తీయకుండా తెస్తే చాలావరకు తిరిగి వస్తాయి. అడంగల్‌లో పేరు కొట్టేసినంత మాత్రాన పొలంలో పైరు మాయం కాదు కదా! ఫార్మాట్ కూడా అంతే. ఏ ఫైలు ఎక్కడుందో చెప్పే పట్టిక పోతుంది, ఫైలు మాత్రం ఉన్నచోటే ఉంటుంది. తిరిగి తీసే సాఫ్ట్‌వేర్ ఉచితంగా దొరుకుతోంది. పదో తరగతి పిల్లవాడికి ఒక మధ్యాహ్నం చాలు. అదే బడికి మీరు ఆ డిస్కులు ఇస్తానంటున్నారు.

మాదాపూర్ భద్రత:
ఫార్మాట్ గురించి మీరు చెప్పింది నిజం. అందుకని పగలగొట్టడమే దారి అనడం మాత్రం ఒప్పుకోను. నా ఉద్యోగమే కంపెనీల డేటా భద్రత. పట్టికను మాత్రమే చెరిపే క్విక్ ఫార్మాట్ వేరు, పాత డేటా మీద డిస్కు మొత్తం సున్నాలు రాయడం వేరు. విండోస్ విస్టా నుంచి పూర్తి ఫార్మాట్ సున్నాలు రాస్తుంది. ఎక్స్‌పీలో అదే పేరుతో ఉన్నది కేవలం డిస్కును చదివి చూసేది. ఈ తేడా తెలియకే చాలామంది మోసపోయారు. అనుమానం ఉంటే విండోస్‌లోనే ఉండే డిస్క్‌పార్ట్ అనే సాధనంలో ‘క్లీన్ ఆల్’ ఇవ్వండి, ప్రతి సెక్టారులోనూ, అంటే డిస్కులోని ప్రతి చిన్న గడిలోనూ, సున్నాలు పడతాయి. ‘ఆల్’ లేకుండా ‘క్లీన్’ అని మాత్రమే ఇస్తే విభజనల వివరాలు పోయి ఫొటోలు మిగిలిపోతాయి.

ఎన్నిసార్లు రాయాలనేది మరో భయం. 1996లో కంప్యూటర్ భద్రత పరిశోధకుడు పీటర్ గట్‌మన్ 35 సార్లు రాసే పద్ధతి చెప్పారు. అది ఆనాటి రకరకాల డిస్కులన్నింటినీ దృష్టిలో పెట్టుకుని చెప్పినది. దాన్ని మంత్రంలా పట్టుకున్నవారిని తరువాత ఆయనే తప్పుపట్టారు. ఇప్పటి హార్డ్ డిస్కుకు ఒక్కసారి చాలు. అమెరికా ప్రమాణాల సంస్థ నిస్ట్ మార్గదర్శకాలు కూడా ఆ మాటే చెబుతాయి. 1 టీబీ డిస్కుకు రెండు మూడు గంటలు పడుతుంది. 35 సార్లంటే మూడు నాలుగు రోజులు పడుతుంది, వచ్చే లాభం లేదు.

ఇద్దరు అమెరికా పరిశోధకులు 158 పాత డిస్కులు కొని చూసి, 2003లో ఫలితాలు ప్రచురించారు. పనిచేసిన వాటిలో సరిగ్గా చెరిపినవి 12 మాత్రమే. మిగిలిన వాటిలో వేల క్రెడిట్ కార్డు నంబర్లు దొరికాయి. చెరిపినా తిరిగి వచ్చాయని కాదు దాని అర్థం, జనం సరిగ్గా చెరపలేదని.

బీసెంట్ రోడ్డు రిపేరు:
లెక్క బాగుంది సార్. స్టూడియో డిస్కులు పదేళ్లు తిరిగినవి. పాడైన సెక్టార్లను డిస్కు తనంతట తానే పక్కన పెట్టి, వాటి బదులు వేరేవి వాడుకుంటుంది. మీరు రాసే సున్నాలు ఆ పక్కన పెట్టిన చోటికి వెళ్లవు. అక్కడ ఒక ఫొటో ముక్క ఉండిపోవచ్చు.

ఇక ఎస్‌ఎస్‌డీ, మెమరీ కార్డుల మాట మీరు ఎత్తనే లేదు. వాటిలో ఒకేచోట పదే పదే రాస్తే అరిగిపోతుందని, లోపలి కంట్రోలరు ప్రతిసారీ కొత్త చోటు చూసి రాస్తుంది. పాత ఫైలు మీద రాశామని మనం అనుకుంటాం, అది మరో గదిలో కూర్చుని ఉంటుంది. 2011లో శాన్ డియాగో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం వాళ్లు పరీక్షిస్తే, ఒక డ్రైవు చెరిపేశానని చెప్పి ఏమీ చెరపలేదు. తయారు చేసినవాడి ఆదేశాన్నే నమ్మలేనప్పుడు నేను సుత్తినే నమ్ముతాను.

పల్లె బడి టీచరు:
దయచేసి మా వైపు నుంచి కూడా చూడండి. మాది ప్రభుత్వ బడి. డిస్కు లేకుండా కంప్యూటరు వస్తే అది ఆ రోజే మూలకు చేరుతుంది. కొత్త డిస్కు కొనాలంటే నిధుల కోసం ఎదురుచూపులు, ఈలోగా సంవత్సరం గడిచిపోతుంది. మా పిల్లలు కీబోర్డు బొమ్మను అట్ట మీద గీసుకుని వేళ్లు పెట్టి నేర్చుకున్నారు. చెరిపే మార్గం ఉందని నిపుణులే చెబుతుంటే, భయం కొద్దీ తొమ్మిది మంచి డిస్కులు చెత్తలో పడటం నాకు బాధగా ఉంది.

నరసరావుపేట గృహిణి:
టీచరు గారి బాధ నాకు అర్థమవుతుంది. అయినా నేను ఒప్పుకోలేను. ఆరేళ్ల క్రితం పాత ఫోను ఒక దుకాణంలో ఇచ్చాను. ఫొటోలన్నీ నా చేతులతో ఒక్కొక్కటే తీసేశాను. నాలుగు నెలలకు ఎవరో ఫోను చేసి, “అమ్మా, మీ పాప ఫొటోలు ఇందులో ఉన్నాయి, తీసేస్తున్నాను” అన్నారు. ఆయన మంచివాడు కాబట్టి చెప్పాడు. మధ్యలో అది ఎన్ని చేతులు మారిందో నాకు ఈ రోజుకీ తెలియదు. పాప స్నానం చేస్తున్న ఫొటో కూడా అందులో ఉండేది.

మీరంతా ఎన్నిసార్లు రాయాలి, ఎంతసేపు పడుతుంది అని మాట్లాడుతున్నారు. ఆ పెళ్లికూతుళ్లను ఎవరైనా అడిగారా? ముందు వాళ్లకు కబురు చేయండి. కావలసినవాళ్లకు కాపీ ఇవ్వండి. మా ఫొటోలున్న డిస్కు మరో చోటికి వెళ్లకూడదు అని వాళ్లంటే, దాన్ని పగలగొట్టడమే న్యాయం.

మాదాపూర్ భద్రత:
కబురు చేయాలన్న మాటకు నా దగ్గర జవాబు లేదు, అది మొదట నాకే తట్టవలసింది. కార్డుల విషయంలో రిపేరు గారి మాటే నాదీ. వాటిని ఎవరికీ ఇవ్వకండి, లోపలి చిప్పు ముక్కలయ్యేలా విరవండి. ఎస్‌ఎస్‌డీ కూడా బడికి వద్దు.

అమ్మగారి ఫోను సంగతికి వస్తే, ఒక్కొక్కటే తీసేయడానికి, ఫోను మొత్తం ఖాళీ చేసే రీసెట్‌కు చాలా తేడా ఉంది. అయితే పాత ఫోన్లలో రీసెట్ కూడా గట్టిది కాదు. 2015లో కేంబ్రిడ్జి పరిశోధకులు రీసెట్ చేసిన 21 ఆండ్రాయిడ్ ఫోన్లు పరీక్షించి, సందేశాలు, ఖాతా తాళాలు తిరిగి తీశారు. ఆండ్రాయిడ్ 10తో వచ్చిన ఫోన్లన్నీ డేటాను ఎన్‌క్రిప్ట్ చేసే, అంటే రహస్య తాళంతో తప్ప చదవలేని రూపంలోనే, దాస్తాయి. రీసెట్‌తో ఆ తాళం పోతే మిగిలింది అర్థం లేని అంకెలే. ఫోనులోని మెమరీ కార్డును మాత్రం ముందే బయటికి తీయాలి. ఫోనుకు ఎవరూ డ్రిల్లు పెట్టకండి, బ్యాటరీ అంటుకుంటుంది.

హార్డ్ డిస్కుల మీద నా మాట మార్చుకోను. పక్కన పెట్టిన సెక్టార్ల సంఖ్య ఎంతో, డిస్కు తన ఆరోగ్యం గురించి తానే ఇచ్చే స్మార్ట్ నివేదికలో కనిపిస్తుంది. ఆ సంఖ్య సున్నా ఉన్న డిస్కుకు మొత్తం సున్నాలు రాసి, రికవరీ సాఫ్ట్‌వేర్‌తో మీరే వెతికి చూసి బడికి ఇవ్వండి. ఆ సంఖ్య సున్నా కానిది పగలగొట్టండి.

నరసరావుపేట గృహిణి:
అడిగాక ఇస్తే అభ్యంతరం లేదు. అడగకుండా ఇస్తే, ఎన్ని సున్నాలు రాసినా నాకు తప్పే.

తెనాలి స్టూడియో:
పాత రసీదు పుస్తకాలు తీశాను. నిన్నటి నుంచి ఫోన్లు చేస్తున్నాను, ముప్పై ఒక్క కుటుంబాలతో మాట్లాడాను. ఇద్దరు పెన్ డ్రైవ్ తెచ్చుకుంటామన్నారు. ఒకావిడ, “ఆ పెళ్లి ఫొటోలు నాకొద్దు, ఎక్కడా ఉండనివ్వకండి” అంది. అది ఉన్న డిస్కు బడికి వెళ్లదు. కార్డులు ఈ ఉదయమే కట్టరుతో ముక్కలు చేశాను.

నివేదిక చూస్తే నాలుగు డిస్కుల్లో ఆ సంఖ్య సున్నా ఉంది. ఒకటి మాత్రం టకటకమంటోంది, కంప్యూటరుకు కనిపించడమే లేదు. దానికి సున్నాలు ఎలా రాయాలి?

బీసెంట్ రోడ్డు రిపేరు:
రాయలేరు. చదివే హెడ్డు పోయి ఉంటుంది, డిస్కు లోపల తిరిగే పళ్లేల మీద ఫొటోలు అలాగే ఉంటాయి. ల్యాప్‌టాప్ డిస్కు అయితే లోపల గాజు ఉండవచ్చు, కళ్లద్దాలు పెట్టుకుని బెజ్జం వేయండి. విజయవాడ వస్తే మా దుకాణానికి తీసుకురండి, మీ ఎదుటే వేస్తాను.