బేరం తెగిందంటే కుదిరినట్టా, చెడినట్టా?

ప్రశ్న: మా బడి గోడపత్రికకు గగన్‌విహారి మెహతా గురించి రాస్తున్నాను. ఓడల కంపెనీలో పనిచేసి, ఆ తర్వాత అమెరికాలో మన రాయబారి అయిన మనిషి. అందులో ‘బేరం తెగేదాకా ఓపికగా కూర్చోవడం ఆయనకు వ్యాపారంలోనే అలవాటైంది’ అని ఒక వాక్యం ఉంది. మా తోటి టీచరు చదివి, తెగిందంటే చెడిపోయిందనే కదా, మార్చండి అన్నారు. హనుమకొండలో మా ఇంట్లో మాత్రం తెగిందంటే కుదిరిందనే. ఏది సరి?

జవాబు: మేడం, మార్చకండి. మీ ఇంట్లో మాటే సరి.

తెగడానికి రెండు దారులున్నాయి. తాడు తెగింది, సంబంధం తెగింది అన్నప్పుడు ఇద్దరి మధ్య ఉన్నది పోయింది. తెగదెంపులు అనే మాట అక్కడిదే. పంచాయితీ తెగింది, లెక్క తెగింది అన్నప్పుడు సాగుతూ ఉన్నది ఒక కొలిక్కి వచ్చింది. బేరం ఈ రెండో వరసలోది. ‘ఎంతకీ తెగని పంచాయితీ’ అని మీ తోటి టీచరు కూడా అనే ఉంటారు. ‘ఎడతెగని వాన’, ‘తెగేసి చెప్పాడు’ కూడా ఆ వరసవే. బేరం పాడైతే మనం చెడిందంటాం, బెడిసిందంటాం. తెగిందని అనం.

పశువుల అంగడికి పోయిన వాళ్లకు ఇది చెప్పనక్కర్లేదు. ఎడ్లు అమ్మేవాడు, దళారి చేతులు కలుపుతారు, పైన తువ్వాల కప్పుతారు. లోపల వేళ్లు పట్టి నొక్కుతూ ధర చెప్పుకుంటారు. చుట్టూ ఎంతమంది నిలబడ్డా అంకె ఎవరికీ తెలియదు. ఒకరు తల అడ్డంగా ఊపుతారు, మళ్లీ వేళ్లు కదులుతాయి. కొన్నిసార్లు చెయ్యి విడిపించుకుని రెండడుగులు పోయి, మళ్లీ వచ్చి పట్టుకుంటారు. చివరికి తువ్వాల తీసి ‘తెగింది’ అంటారు, బయానా చేతిలో పడుతుంది. ఆ మాట వినగానే ఎద్దు మెడలో తాడు చేతులు మారుతుంది. చెడిపోయిన బేరానికి బయానా ఎవరిస్తారు?

ఇక మీ వ్యాసం సంగతి. ఆ వాక్యం మెహతాకు నిజంగా అతుకుతుంది. ఆయన 1900లో పుట్టారు. మొదట పత్రికలో పనిచేసి, తర్వాత సింధియా స్టీమ్ నావిగేషన్ కంపెనీలో చేరి కలకత్తాలో ఏళ్ల తరబడి దాని వ్యవహారాలు చూశారు. విశాఖలో ఓడల కార్ఖానా పెట్టిన సింధియా అదే. పిల్లలకు ఆ ముక్క చెబితే దగ్గరగా అనిపిస్తుంది. ఆ కంపెనీ 1919లో మొదలైనప్పుడు సముద్రం మీద పెత్తనమంతా బ్రిటిష్ కంపెనీలదే. వాళ్లు కిరాయిలు తగ్గించి సింధియాను ముంచాలని చూశారు. 1923లో ఒక ఒప్పందం తెగింది. పదేళ్లపాటు 75,000 టన్నులు దాటకూడదు, తీరం వెంబడే నడుపుకోవాలి, విదేశాల దారి పట్టకూడదు. బతకడానికి ఒప్పుకున్న షరతులవి. మెహతా ఉద్యోగంలో తొలి ఏళ్లు వాటి కిందే గడిచాయి. ఎదుటివాడి చేతిలో బలమంతా ఉన్నప్పుడు ఎక్కడ తగ్గాలో, ఎక్కడ ఆగాలో అక్కడ నేర్చుకున్న మనిషి 1952లో వాషింగ్టన్ వెళ్లారు. మధ్యలో ప్రణాళికా సంఘం తొలి సభ్యుల్లో ఒకరిగా కూడా ఉన్నారు.

ఆయన ఉన్న కాలం సులువైనది కాదు. 1954లో అమెరికా పాకిస్తాన్‌తో సైనిక సాయం ఒప్పందం చేసుకుంది, మనకు కోపం. మనం ఏ కూటమిలోనూ చేరమన్నాం, వాళ్లకు కోపం. అయినా మనకు గోధుమలు కావాలి. పీఎల్ 480 అనే అమెరికా తిండిగింజల సాయం చట్టం కింద గోధుమల ఒప్పందం 1956 ఆగస్టులో కుదిరింది. అంతకు ఏడాది ముందు, 1955 ఆగస్టులో, హ్యూస్టన్ విమానాశ్రయం భోజనశాలలో రంగు చూసి ఆయన్ను తెల్లవాళ్లతో కాకుండా వేరే గదిలో కూర్చోబెట్టారు. ఒక దేశపు రాయబారిని! అమెరికా విదేశాంగ మంత్రి డల్లెస్ విచారం తెలిపాడు. దాంతో ఆ రోజు మాట తెగింది గానీ అసలు తగవు తెగలేదు. హోటళ్లలో అలా వేరు చేయడాన్ని నిషేధించే చట్టం 1964లో గానీ రాలేదు. ఈ సంఘటనను మీ వ్యాసంలో తప్పకుండా పెట్టండి. ఆయన 1958 దాకా అక్కడ ఉన్నారు, 1959లో పద్మవిభూషణ్ వచ్చింది, 1974లో పోయారు. గుజరాతీలో హాస్య వ్యాసాలు రాసేవారన్నది కూడా పిల్లలకు నచ్చుతుంది.

వ్యాఖ్య: అర్థం ఒప్పుకుంటా అన్నా. కానీ రాయబారి పనిని బేరం అనడం తక్కువ చేసినట్టు లేదా? చర్చలు అంటే పోదా?

జవాబు: తమ్మీ, చర్చ ఎన్నాళ్లయినా నడుస్తుంది, ఏమీ తేలకపోయినా అది చర్చే. బేరానికి ఒక అంకె కావాలి, దానికి ఇద్దరూ కట్టుబడాలి. వరంగల్ ఎనుమాముల మార్కెట్‌లో పొద్దున జెండా పాట, అంటే ఆ రోజు తొలి వేలం, తెగితే మేలురకం మిర్చికి ఆ రోజు ధర అదే. మిగతా బస్తాల ధర దానికి దిగువన నడుస్తుంది. ఆ ఒక్క అంకె కోసం రైతు రాత్రంతా బస్తాల మీద పడుకుంటాడు. అంత బరువున్న మాటను తక్కువ అనడం నాకు ఒప్పదు.

మన ఓరుగల్లు రాజులకు కూడా వర్తకం చిన్నతనంగా తోచలేదు. తుఫానుకు కొట్టుకొచ్చిన ఓడల్లో సరుకంతా అంతకుముందు రాజులు లాక్కునేవాళ్లు. గణపతిదేవుడు 1244 నాటి మోటుపల్లి శాసనంలో ఆ పద్ధతి ఆపి, నిర్ణయించిన సుంకం తప్ప మరేమీ తీసుకోనని సముద్ర వర్తకులకు అభయమిచ్చాడు. పరదేశం వాళ్లతో రాజు చేసుకున్న మాట అది. రాతి మీద చెక్కించాడు. దాన్ని దౌత్యం అందామా, బేరం అందామా? నేను రెండూ అంటాను.

మేడం, ‘తెగేదాకా’ అన్నది అలాగే ఉంచి, గోడపత్రిక అడుగున చిన్న అక్షరాల్లో ‘తెగడం: తేలడం, కుదరడం’ అని అర్థం రాస్తే సరిపోతుంది. కరీంనగర్, ఆదిలాబాద్ వాళ్లు ఎవరైనా ఉంటే చెప్పండి: మీ దగ్గర ధర ‘తెగ్గొట్టడం’ అని కూడా అంటారా, ‘తెంపడం’ అంటారా?