అప్‌డేట్: కల్వర్టు బిల్లు కోసం కటక్ వెళ్లాను

ఒడిశాలో పర్లాకిమిడి దగ్గర ప్రభుత్వ కాంట్రాక్టు మీద కల్వర్టు కట్టి రెండేళ్లయినా ఫైనల్ బిల్లు రాలేదని, ఏం చేయాలని అడిగాను కదా. సివిల్ దావా అయితే ముందు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 80వ సెక్షన్ కింద ప్రభుత్వానికి నోటీసిచ్చి రెండు నెలలు ఆగాలి, ఆపై ఎన్నేళ్లో దేవుడికెరుక. చేసిన పని లెక్కలు రాసే ఎం-బుక్‌లో కొలతలున్నాయి, ఇంజనీరు సంతకముంది, బాకీ లేదని శాఖవాళ్లూ అనడం లేదు. అందుకే రాజ్యాంగం 226వ అధికరణ కింద కటక్ హైకోర్టులో రిట్ (ప్రభుత్వాన్ని ఆదేశించమని నేరుగా హైకోర్టును కోరే పిటిషన్) వేశాం. మూడేళ్లు దాటితే దావాకి కాలపరిమితి అయిపోతుందన్న భయం కూడా ఉందనుకోండి.

వచ్చిన ఆర్డరు డబ్బిమ్మని కాదు, శాఖకి నేనిచ్చిన అర్జీని రెండు నెలల్లో తేల్చమని! నీరుగారిపోయాను. “తేల్చకపోతే కోర్టు ధిక్కారం కేసుంది కదండీ” అని నవ్వారు వకీలుగారు. ఆర్డరు కాపీ అందాక ఫైలుకి కాళ్లొచ్చాయి. బిల్లు అసలు సొమ్ము ఖాతాలో పడింది. సెక్యూరిటీ డిపాజిట్ రావాలి. వడ్డీ ఊసెత్తకండి. సిమెంటు కొట్టు షావుకారి బాకీ నిన్ననే తీర్చేశాను.