'వన్ మ్యాన్, టూ గవ్‌నర్స్': నాటకం బలమా, కార్డెన్ బలమా?

తెరచాటు
రిచర్డ్ బీన్ రాసిన ఈ కామెడీ 2011 మేలో లండన్ నేషనల్ థియేటర్‌లో మొదలైంది. దర్శకుడు నికొలస్ హైట్నర్. 1963 నాటి బ్రైటన్‌లో ఆకలికి నకనకలాడే ఫ్రాన్సిస్ హెన్షాల్, ఒకరి సంగతి మరొకరికి తెలియకుండా ఇద్దరు యజమానుల దగ్గర కొలువు చేస్తాడు. అంతే కథ. ఆ వేషం కట్టిన జేమ్స్ కార్డెన్‌కి 2012లో ఉత్తమ నటుడిగా అమెరికా నాటకరంగపు పెద్ద అవార్డు టోనీ వచ్చింది, అదీ హాలీవుడ్ నటుడు ఫిలిప్ సీమూర్ హాఫ్‌మన్ లాంటివాడు పోటీలో ఉండగా. నా మాట సూటిగా చెప్పేస్తున్నా: కార్డెన్‌ని తీసేస్తే మిగిలేది మామూలు ప్రహసనం. కాదనేవాళ్లు రండి.

క్రాయిడన్ కోడలు
నేను కాదంటాను. నేను చూసింది లండన్‌లోనే హేమార్కెట్ థియేటర్‌లో, హెన్షాల్ వేషం ఓవెన్ ఆర్థర్ చేస్తుండగా. వేరుశనగ గింజ గాల్లోకి ఎగరేసి నోటితో పట్టబోయి కుర్చీతో సహా వెనక్కి పడతాడు చూడండి, అక్కడే హాలంతా ఆయన చేతిలోకి వచ్చేసింది. ఇంకో సంగతి. 2012 వేసవిలో కార్డెన్ న్యూయార్క్‌లో ఆడుతుంటే ఇదే నాటకం లండన్‌లోనూ ఆడింది, ఆయన లేకుండానే. అక్కడ బ్రాడ్‌వేలో, అంటే న్యూయార్క్ నాటకశాలల పేటలో, సెప్టెంబర్‌కి తెర దించేశారు. లండన్‌లో 2014 మార్చి దాకా నడిచింది. ఏది ఎక్కువ కాలం ఆడిందో మీరే చూసుకోండి.

తెరచాటు
ఎక్కువ కాలం ఆడటం గొప్పతనానికి రుజువా అండీ? పేరు అప్పటికే మోగిపోయింది. పొయ్యి మీంచి దించాక కూడా కుండలో అన్నం కాసేపు మగ్గుతూనే ఉంటుంది.

పాత పెట్టె
ఇద్దరూ 2011 దగ్గరే ఆగిపోయారు, కాస్త వెనక్కి వెళ్దాం. ఇది కార్లో గోల్డోనీ 1740ల్లో రాసిన ఇటాలియన్ నాటకానికి కొత్త రూపం కదా. గోల్డోనీ దాన్ని రాసిందే అంటోనియో సాక్కో అనే నటుడు అడిగితే. చాలా చోట్ల సంభాషణలు రాయకుండా ఆయన సమయస్ఫూర్తికే వదిలేశాడు. అంటే పుట్టుకలోనే ఇది ఒక నటుడి ఒంటికి కొలత తీసి కుట్టిన నాటకం. అక్కడిదాకా తెరచాటు గారిదే గెలుపు.

కానీ తర్వాత గోల్డోనీయే కూర్చుని మొత్తం పాఠం రాసి అచ్చుకిచ్చాడు. మరి ఎందుకు రాసినట్టు? సాక్కో లేని చోట కూడా ఆడాలనేగా! 1947లో జోర్జియో స్ట్రేలర్ మిలాన్ పికోలో థియేటర్‌లో దీన్ని మళ్లీ లేపాడు. మార్చెల్లో మొరెట్టి సేవకుడి వేషం కట్టాడు. 1961లో ఆయన పోతే ఇక అయిపోయినట్టే అనుకోవాలి కదా? ఫెరుచ్చో సొలేరీ అందుకుని దశాబ్దాల తరబడి, రెండు వేల ప్రదర్శనలకు పైగా లాగించాడు. ఒక మనిషి మీదే ఆధారపడ్డ నాటకం చేతులు మారి ఇన్నేళ్లు బతుకుతుందా?

నవ్వులబుట్ట
మీరంతా హీరో గురించే కొట్టుకుంటున్నారు. నన్ను పొట్ట చెక్కలయ్యేలా నవ్వించింది ముసలి వెయిటర్ ఆల్ఫీ. 87 ఏళ్లు, ఉద్యోగంలో మొదటి రోజు, గుండెలో పేస్‌మేకర్, సూప్ గిన్నె పట్టుకుంటే చేతులు వణుకుడు. మెట్ల మీంచి వెనక్కి దొర్లినప్పుడు నేను పాజ్ కొట్టి మరీ నవ్వాను. ఆ వేషం వేసిన టామ్ ఎడెన్ పేరు కూడా టోనీ నామినేషన్లలో ఉంది. ఒకడి బలం ఎలా అవుతుంది?

హిమాయత్‌నగర్ బాల్కనీ
చూడనివాళ్లు ఈ పోస్టు దాటేయండి, గుట్టు విప్పుతున్నా.

2020 ఏప్రిల్‌లో, లాక్‌డౌన్‌లో, నేషనల్ థియేటర్ వాళ్లు దీన్ని వారం రోజులు యూట్యూబ్‌లో ఉచితంగా పెట్టారు. 20 లక్షలకు పైగా వ్యూస్ వచ్చాయి, అందులో ఒకటి మాది. విందు సీన్లో ప్రేక్షకుల్లోంచి క్రిస్టీన్ అనే ఆవిడని స్టేజీ మీదకి లాగుతారు. పాపం, ఆవిడ మీద మంటలార్పే నురగ కూడా కొడతారు. మా అమ్మ "అయ్యో, పిలిచి ఇంత అవమానమా!" అని నిజంగానే కోప్పడింది. తీరా చూస్తే ఆవిడ నటి, కావాలని హాల్లో కూర్చోబెట్టారు! అప్పటికప్పుడు పుట్టిందనిపించే గందరగోళం ముందే కట్టిన లెక్క. ఆ లెక్క కట్టింది కార్డెన్ ఒక్కడే కాదుగా. రచయిత ఉన్నాడు, ఒళ్లు విరిచే కామెడీ నేర్పిన కాల్ మెక్‌క్రిస్టల్ ఉన్నాడు.

తెరచాటు
పాత పెట్టె గారూ, ఒకటి వదిలేశారు. మిలాన్‌లో ఆ సేవకుడి ముఖానికి ముసుగుంటుంది. ముసుగు వెనక మనిషి మారినా పాత్ర మారదు. కార్డెన్‌కి ఏ ముసుగుంది? తనతో తానే గొడవపడి, చెత్తడబ్బా మూతతో తన నెత్తి మీదే బాదుకుంటాడే, అక్కడ పనిచేసేది ఆ ముఖమే. శాండ్‌విచ్ ఉందా అని హాలుని అడిగితే ఒకాయన హమ్మస్ (శనగల ముద్ద) శాండ్‌విచ్ ఉందంటాడు. అప్పుడు కార్డెన్ ముఖంలో వచ్చే నవ్వు కాగితం మీద రాయగలరా?

క్రాయిడన్ కోడలు
ఆర్థర్‌కీ ముసుగు లేదండీ. తేడా ఏంటంటే, మీరందరూ చూసిన రికార్డింగ్ 2011 సెప్టెంబర్‌లో సినిమా హాళ్లకు ప్రసారం చేసింది, అందులో ఉన్నది కార్డెన్. ఆర్థర్ ఇదే వేషంతో ఆస్ట్రేలియా, న్యూజీలాండ్, హాంకాంగ్ తిరిగి వచ్చాడు. ఆ హాళ్లలో కూర్చున్నవాళ్లకి హెన్షాల్ అంటే ఆయనే. వాళ్లనీ అడగాలిగా?

తెరచాటు
ఆర్థర్‌ది వీడియో ఎవరి దగ్గరైనా ఉంటే పెట్టండి, చూశాక మాట్లాడతా. అప్పటిదాకా నా ఓటు కార్డెన్‌కే.