కట్టినవాళ్లకే పింఛనా, వయసు మళ్లిన అందరికీనా?

మూడోతరం:
వర్ధమాన దేశాల్లో నెల జీతం, అందులో పింఛను కోసం చందా కోత ఉన్న ఉద్యోగాలు తక్కువ. కూలిపని, చిల్లర వ్యాపారం, సొంత సేద్యం చేసుకునేవాళ్లే ఎక్కువ. అలాంటి చోట ఏది ముందు రావాలి? ఎవరి ఖాతాలో వాళ్లు దాచుకునే పద్ధతా, పన్నుల డబ్బుతో పెద్దవాళ్లకు ఇచ్చే పింఛనా? నా ఓటు రెండోదానికి. ఆఫ్రికాలో లెసోతో చిన్న దేశం, పేద దేశం. 70 ఏళ్లు దాటినవాళ్లకు, చందాతో పని లేకుండా, 2004లో సొంత బడ్జెట్‌తోనే పింఛను మొదలుపెట్టింది. మిగతావాళ్లకు ఏం అడ్డం?

ఖాతాదారు:
మొదలుపెట్టడం ఎవరైనా చేస్తారు, ఎంతకాలం ఇస్తారన్నదే ప్రశ్న. బడ్జెట్‌లోంచి వచ్చే పింఛను ఆర్థికమంత్రి దయ. ధరలు పెరిగాక పింఛను పెంచకపోతే అడిగే దిక్కుండదు. నా పేరున ఖాతా, అందులో నా డబ్బు ఉంటే అది ఆస్తి. చిలీ 1981లో చేసింది ఇదే: జీతంలో 10 శాతం నేరుగా కార్మికుడి సొంత ఖాతాకు. అక్కడ పెట్టుబడి మార్కెట్ ఎదగడానికి ఆ నిధులు పెద్ద ఊతం అయ్యాయి. 1994లో ప్రపంచ బ్యాంకు కూడా తప్పనిసరి పొదుపు ఖాతాలను మిగతా దేశాలకు సూచించింది.

ఏటిఒడ్డు:
చిలీ పేరు ఎత్తారు కాబట్టి ఒక్క ప్రశ్న. అది తెచ్చింది పినోచే సైనిక ప్రభుత్వం. దేశమంతటికీ కొత్త పద్ధతి పెట్టి, సైన్యాన్నీ పోలీసులనూ మాత్రం పాత పద్ధతిలోనే ఎందుకు ఉంచుకున్నారు?

ఖాతాదారు:
అది రాజకీయం. పద్ధతి మంచిచెడ్డలకు దానితో సంబంధం లేదు. మీరు దీనికి చెప్పండి: 2008లో అర్జెంటీనా ప్రభుత్వం ప్రైవేటు పింఛను నిధులన్నీ తన చేతిలోకి తీసుకుంది. ఆ డబ్బు కార్మికులదా, ప్రభుత్వానిదా?

ఏటిఒడ్డు:
నా ప్రశ్నకు జవాబు రాలేదు. వండినవాళ్లే ముట్టని వంట మాకెందుకు వడ్డిస్తున్నారని అడుగుతున్నాను.

బాటసారి:
అంతర్జాతీయ కార్మిక సంస్థ లెక్క చెప్తాను. 1981 నుంచి 2014 దాకా 30 దేశాలు పింఛన్లను పూర్తిగానో కొంతమేరకో ప్రైవేటుపరం చేశాయి. 2018 నాటికి వాటిలో 18 వెనక్కి తిరిగాయి.

ఖాతాదారు:
వెనక్కి తిరిగినంత మాత్రాన పద్ధతి తప్పని తేలదు. ఖజానాకు కరువొచ్చినప్పుడు నిధి మీద కన్ను పడుతుంది. చిలీలోనూ 2020, 2021ల్లో పార్లమెంటు కోవిడ్ కష్టాల్లో ఆ ఖాతాల్లోంచి 10 శాతం చొప్పున మూడుసార్లు తీసుకోనిచ్చింది. లక్షల ఖాతాలు ఖాళీ అయిపోయాయి. చెడగొట్టింది రాజకీయ నాయకులే, ఖాతాలు కాదు.

సుబోధ:
ఇద్దరూ ఒకటి వదిలేస్తున్నారు. ఇవాళ్టి చందాలతో ఇవాళ్టి వృద్ధులకు ఇచ్చే పద్ధతి మానేసి, ఆ చందాలను ఖాతాలకు మళ్లిస్తే, ఇప్పటికే రిటైరైనవాళ్లకు ఎవరిస్తారు? చిలీలో దశాబ్దాల పాటు ఖజానాయే మోసింది. ఖాతాల పద్ధతికి కూడా పన్నుల డబ్బు కావాలి.

ఏటిఒడ్డు:
సైన్యం సంగతి ఇంకా అడుగుతూనే ఉన్నాను.

ఖాతాదారు:
సైన్యం గోల పక్కన పెట్టండి. ప్రభుత్వం మీద మీకింత నమ్మకం ఎలా వచ్చిందో నాకు అర్థం కాదు. మా నాన్న జీతంలోంచి కంపెనీ నెలనెలా చందా కోసింది, కానీ జమ చేయలేదు. ఆ సంగతి ఆయన రిటైరయ్యాక తెలిసింది. వసూళ్లు చూడాల్సిన ఆఫీసుకు వెళ్తే రికార్డు లేదన్నారు. ఆ కాగితాలు పట్టుకుని తిరుగుతూనే పోయారాయన. ప్రతి నెలా జమ కంటికి కనిపించే ఖాతా ఉంటే మొదటి నెలలోనే పట్టుకునేవాళ్లం.

ఏటిఒడ్డు:
మీ నాన్నగారికి జరిగింది ఘోరం. కానీ డబ్బు ఎగ్గొట్టినది యజమాని. ఖాతాల పద్ధతిలోనూ చందా కోసి పంపాల్సింది ఆ యజమానే.
ఇక మా అమ్మ సంగతి వినండి. మంచాన పడ్డ అత్తమామలకు చేసింది, పొలం పని చేసింది, మమ్మల్ని పెంచింది. ఆమె పేరున ఏ చందా లేదు. మీ పద్ధతిలో ఆమెకు వచ్చేది సున్నా. చిలీ ఆడవాళ్లనే చూడండి. పిల్లల కోసం మధ్యలో పని మానుకున్న ఏళ్లలో ఖాతాలో ఏమీ పడదు. రిటైర్మెంటు వయసు 60 కాబట్టి దాచుకునే ఏళ్లూ తక్కువే. పైగా 2025 సంస్కరణకు ముందు దాకా, ఎక్కువ కాలం బతుకుతారని లెక్కగట్టి, అదే పొదుపుకు మగవాళ్ల కంటే నెలకు తక్కువ ఇచ్చేవాళ్లు.

ఖాతాదారు:
కట్టనివాళ్లను గాలికొదిలేయమని నేననలేదు. పేదవాళ్లయితే సాయం చేయండి. జీవితమంతా కట్టినవాడి పక్కన సమానంగా కూర్చోబెట్టకండి.

ఏటిఒడ్డు:
కట్టనివాళ్లా? మీ నాన్నగారు పొద్దున్నే డ్యూటీకి వెళ్లారంటే ఇంట్లో ఎవరో వండిపెట్టి, పిల్లల్ని చూసుకుంటేనే కదా. ఆ మనిషి ఏమీ కట్టలేదా?

ఖాతాదారు:
మా అమ్మను ఇందులోకి లాగొద్దు.

నిర్వాహకులు:
ఇద్దరూ కాస్త తగ్గండి. ఇళ్లల్లోకి వెళ్లొద్దు.

ఖాతాదారు:
తగ్గే చెప్తున్నాను. నా బాధ డబ్బు గురించి కాదు. మా నాన్న కట్టారు, రాలేదు. ఆయన ఉండగానే, ఏమీ కట్టనివాళ్లకు ప్రభుత్వం పంచింది. ఆయన దాన్ని అవమానంగా తీసుకున్నారు, నేనూ అంతే. కట్టినా కట్టకపోయినా ఒకటే అయితే రేపు ఎవరు కడతారు?

పల్లవి_2:
ఇప్పుడు అసలు సంగతికి వచ్చారు. ఎవరి కష్టం లెక్కలోకి వస్తుంది, ఎవరిది రాదు.

ఏటిఒడ్డు:
దానికి దారులున్నాయి. చిలీయే 2008 సంస్కరణలో తల్లులకు బిడ్డకింత అని పింఛనులో కలిపింది: 18 నెలల కనీస వేతనంలో 10 శాతం. ఉరుగ్వే అదే ఏడాది, బిడ్డకు ఏడాది చొప్పున ఐదేళ్ల దాకా చందా కట్టినట్టే లెక్కేసింది. బ్రెజిల్ 1988 రాజ్యాంగం తర్వాత చిన్న రైతు కుటుంబాల్లో ఆడవాళ్లకూ సొంతంగా పింఛను వస్తోంది. చందా రసీదు అడగరు, సేద్యం చేసిన రుజువు అడుగుతారు. ఆడవాళ్లకు 55, మగవాళ్లకు 60. 2019లో మిగతావాళ్ల వయసు పెంచినా వీళ్ల జోలికి పోలేదు.

ఖాతాదారు:
ఉరుగ్వే పద్ధతికి నేను ఒప్పుకుంటాను. అక్కడ ఏ కష్టానికి ఎంతో లెక్క ఉంది. బొలీవియాలో లాగా 60 దాటితే చాలు, ఉన్నవాడికీ లేనివాడికీ ఇవ్వడానికి మాత్రం ఒప్పుకోను.

ఏటిఒడ్డు:
ఉన్నవాడెవరో, లేనివాడెవరో తేల్చేది ఎవరు? రికార్డు లేదని మీ నాన్నగారిని తిప్పినలాంటి ఆఫీసే. ఆ గుమ్మం ముందు మా అమ్మను నిలబెట్టను. వయసు రుజువు చాలు. మీరు మొదట్నుంచీ చూపిస్తున్న చిలీయే 2022లో, బాగా ఉన్న 10 శాతాన్ని తప్పించి, 65 దాటినవాళ్లకు పన్నుల డబ్బుతో పింఛను చట్టం చేసింది.

ఖాతాదారు:
ఆ 10 శాతం గీత గీయాలన్నా ఆదాయం చూడాల్సిందేగా. నేనడిగేదీ అదే.

ఏటిఒడ్డు:
పైనున్న కొద్దిమంది ఆస్తులూ ఆదాయాలూ ఎలాగూ పన్నుల కాగితాల్లో ఉంటాయి. వాళ్లను తీసేయండి, నాకు అభ్యంతరం లేదు. నేను లేనిదాన్నని రుజువు చేసుకునే పని మా అమ్మ మీద పెట్టకండి.